దొరసాని కూర్చున్న చోటు

సెంటు మాస్టారు ఒంటికి సెంటు రాసుకోగా చూసినవాళ్ళు లేరు. పంతొమ్మిదేళ్ళ పాటు ఆయన వాసన సబ్బు ముట్టలేదు, తలకు నూనె పెట్టలేదు, గడ్డం గీసుకున్నాక పటిక తప్ప ఇంకొకటి రాసుకోలేదు. ఆయన పుణ్యమా అని ఆయన భార్య కూడా పౌడరు డబ్బా మొహం చూడలేదు. పోలీసుల్లో పేర్లు పెట్టడానికి వేరే శాఖ అక్కర్లేదు, ఖాళీ దొరికితే అందరికీ అదే పని. అలా ఆ పేరు పడింది. అసలు పేరు జీతం కాగితం మీద మాత్రం మిగిలింది.

ఆయన ఉద్యోగం మత్తుమందు వాసన పట్టే పోలీసు కుక్కకు తర్ఫీదిచ్చి తిప్పడం, అందుకే మాస్టారు. తన ఒంటి వాసన కుక్క ముక్కుకు అడ్డం పడకూడదని ఆయన పట్టుదల. అలాగని ఏదో పెద్ద వీరుడనుకునేరు. నాలుగడుగులు పరిగెత్తితే ఆయాసం, తుపాకీ పేలితే చెవులు మూసుకునే రకం. అందరూ తలుపులు బద్దలు కొట్టి లోపలికి దూరి, అరుపులూ కేకలూ అయిపోయి, అన్నీ సద్దుమణిగాక అప్పుడు జీపు దిగేవాడు. కానీ ఆయన దిగితేనే కేసు నిలబడేది.

అంతకుముందు ఆయన తిప్పిన కుక్కల్లో ఒకటి తిండిపోతు, ఇంకొకటి లారీ హారనుకే జీపు కింద దూరేది. ఆఖరుగా వచ్చింది దొరసాని. రిజిస్టరులో దానికీ వేరే పేరుంది. నడకలో ఎవరినీ లెక్కచెయ్యనట్టు తల పైకెత్తుకుని వెళ్ళేది కాబట్టి దొరసాని అయింది. అది మొరిగేది కాదు, గీరేది కాదు. సరుకు వాసన తగిలిన చోట చప్పుడు చెయ్యకుండా కూర్చునేది. కూర్చుని, తల తిప్పి మాస్టారి మొహంలోకి చూసేది. బహుమానంగా జేబులోంచి రబ్బరు బంతి తీసి ఇస్తాడని దాని ఆశ అని అందరూ అనుకునేవారు. ‘దొరసాని కూర్చుందంటే ఎవడో లేచి లోపలికి వెళ్ళాల్సిందే’ అని స్టేషన్లో ఒక మాట ఉండేది.

ఆ మాటంటే మాస్టారికి లోలోపల గర్వం. ఉండదా మరి. ఇంట్లో ఆయన మాట నెగ్గేది కాదు, ఆఫీసులో ఆయన మాట అడిగేవాళ్ళు లేరు. కుక్క మాటకు మాత్రం కోర్టులో విలువ ఉండేది.

ఆయనకు పని నేర్పిన ముసలి శిక్షకుడు ఒకటి చెప్పేవాడు. కుక్కకు రెండు ముక్కులు, ఒకటి మూతి మీద ఉంటుంది, రెండోది మీ చేతిలోని తాడు. మీ మనసులో ఏముందో తాడు వెంట కిందికి దిగిపోతుంది. అందుకని ఎవరి మీద అనుమానమో మీకు చెప్పడానికి ఎవరైనా వస్తే చెవులు మూసుకోండి అనేవాడు. ఆ నియమం శిక్షణ పుస్తకంలోనూ ఉంది. మాస్టారు దాన్ని పరీక్షలో రాసి మంచి మార్కులే తెచ్చుకున్నాడు.

ఇక ఆ రోజు సంగతి. సబ్బులాయన అని ఒకడుండేవాడు. పేరుకు సబ్బుల ఫ్యాక్టరీ, లోపల నడిచేది తెల్లపొడి వ్యాపారం. ఇన్‌స్పెక్టరు వాడి వెనక రెండేళ్ళు పడ్డాడు. ఒకసారి సబ్బు పెట్టెల్లో వస్తోందని లారీని ఆపితే అందులో నిజంగానే సబ్బులున్నాయి. ఇంకోసారి లారీ వెంటపడితే డ్రైవరు దాన్ని నడిబజారులో వదిలేసి జనంలో కలిసిపోయాడు, సరుకు ఎవరి పేరు మీద వచ్చిందో తేలలేదు. పైవాళ్ళు ఇన్‌స్పెక్టర్ని పిలిచి గడ్డి పెట్టారు. చివరికి నీళ్ళ మోటార్ల లోపల పెట్టి పంపుతున్నారనీ, పార్సిళ్ళ గోడౌనులో దింపుతున్నారనీ కబురు అందింది.

మధ్యాహ్నం వేళ గోడౌను మీద పడ్డారు. రేకుల కప్పు ఎండకు పెనంలా కాలుతోంది. దొరసాని లోపలికి వెళ్ళిన పది నిమిషాల్లో వరసగా పేర్చిన మోటారు పెట్టెల ముందు కూర్చుంది. విప్పితే పదకొండు పొట్లాలు. అందులో దాని తప్పేమీ లేదు, అది నిఖార్సైన ముక్కు పని. అయితే ఒక పొట్లం చింపి, కాస్త సరుకు తీసి, గోడౌనులో వాడే టేపుతోనే మళ్ళీ అంటించి ఉంది. అంటే లోపలివాడెవడో చెయ్యి పెట్టాడు. ఆ సమయంలో గోడౌనులో ఉన్నది ఏడుగురు హమాలీలు. పొడి ముట్టుకున్నవాడి చేతులకు వాసన ఉంటుంది, వరసలో నిలబెట్టి కుక్కను తిప్పితే తేలిపోతుందని నిర్ణయించారు.

మాస్టారు దొరసానిని కుళాయి దగ్గరికి తీసుకెళ్ళి నీళ్ళు పట్టిస్తున్నాడు. ఇన్‌స్పెక్టరు కర్చీఫుతో మెడ తుడుచుకుంటూ అక్కడికి వచ్చాడు.

“మూడోవాడే మాస్టారూ. నిన్న సాయంత్రం సబ్బులాయన మనిషి వాడికి ఫోన్ చేశాడు. అడిగితే ఆ మనిషెవరో తెలియదంటున్నాడు. వాడే. ఇంక మన దొరసాని ఒక్క మాట చెబితే అయిపోతుంది.”

మాస్టారు ఏమనాలి? సార్, మీరు నాకు చెప్పకూడదు, ఇప్పుడు వాళ్ళని అటూఇటూ మార్చి నిలబెట్టండి, నేను వెనక్కి తిరిగి ఉంటాను, అనాలి. ఆ మాట గొంతు దాకా వచ్చింది కూడా. రెండు నిమిషాల పని. కానీ ఎండ మండిపోతోంది, ఇన్‌స్పెక్టరు మొహం వాడిపోయి ఉంది. అన్నిటికంటే పెద్ద కారణం, తన కుక్క అలాంటి కుక్క కాదని మాస్టారి నమ్మకం. “అలాగే సార్” అన్నాడు.

ఏడుగురూ చేతులు చాపి నిలబడ్డారు. మూడోవాడు అందరికంటే పొడుగు. చొక్కాకు ఒక గుండీ లేదు. మిగతావాళ్ళు అరచేతులు కిందికి పెడితే వాడొక్కడే పైకి పెట్టాడు, ఎవరైనా ఏదైనా ఇస్తారేమో అన్నట్టు. అరచేతుల్లో తాళ్ళు కోసిన గీతలు. దొరసాని ఒకటోవాణ్ణి దాటింది, రెండోవాణ్ణి దాటింది. మూడోవాడి చేతులు వాసన చూసి, కాస్త ఆగి, కూర్చుంది. కూర్చుని మాస్టారి మొహంలోకి చూసింది. మాస్టారు శెభాష్ అని బంతి ఇచ్చాడు.

“అయ్యా, అది నా దగ్గరెందుకు కూర్చుంది?” అన్నాడు మూడోవాడు.

ఏడవలేదు, కేకలు వెయ్యలేదు. నిజంగానే తెలుసుకోవాలని అడిగాడు, దారి అడిగినట్టు.

తరవాత వాడు చాలా చెప్పాడు. ఆ ఫోను పార్సిలు ఆలస్యమైందని చేసిన ఫోనని, పార్సిళ్ళవాళ్ళకు హమాలీలందరూ తమ నంబర్లు ఇస్తారని, భయపడి తెలియదన్నానని. మొదట ఒక అబద్ధం ఆడినవాడి నిజం ఎవరికి కావాలి. కోర్టులో మాస్టారు బోనెక్కి జరిగింది జరిగినట్టు చెప్పాడు, కుళాయి దగ్గరి మాట ఒక్కటి తప్ప. అదెవరూ అడగలేదు. మనుషులు అబద్ధం ఆడవచ్చు, నోరులేని జంతువుకు ఆ అవసరం లేదు అని జడ్జిగారు తీర్పులో రాశారు. పన్నెండేళ్ళు పడింది. ఆరు నెలలకు సబ్బులాయన కూడా దొరికాడు. దొరసాని వాడి కారు డిక్కీ ముందు కూర్చుంది, అందులో పొడి నలుసు లేకపోయినా వాసన పట్టిందన్న మాట మీద, ఇంకా ఏవో సాక్ష్యాల మీద వాడికీ శిక్ష పడింది. పేపర్లో దొరసాని ఫొటో వేశారు. పక్కన మాస్టారి మోచెయ్యి పడింది.

మాస్టారు, దొరసాని ఒకే నెలలో రిటైరయ్యారు. ఆయనకు పెన్షను, దానికి ఆయన. మేడ మీద రెండు గదుల ఇల్లు. మాస్టారి భార్య ఆ వారంలోనే నాలుగు రకాల వాసన సబ్బులు కొనుక్కొచ్చి బాత్రూములో వరసగా పేర్చుకుంది. ఇల్లంతా ఘుమఘుమలాడుతుంటే దొరసాని తుమ్ముకుంటూ తిరిగేది.

పని లేని కుక్క పని లేని మనిషికంటే అన్యాయం. తిండి మానేసి గుమ్మం వైపు చూస్తూ పడుకునేది. దాని అవస్థ చూసి మాస్టారి భార్యే ఒక ఆట కనిపెట్టింది. హాల్లో ఆరు బిస్కెట్ డబ్బాలు వరసగా పెట్టి, ఒకదాంట్లో బంతి దాచి, ఎందులో ఉందో మొగుడి చెవిలో చెప్పేది. మాస్టారు తాడు పట్టుకుని నడిపించేవాడు. దొరసాని సరిగ్గా బంతి ఉన్న డబ్బా ముందు కూర్చునేది. ఒక్కసారి కూడా తప్పలేదు. పక్కింటివాళ్ళను పిలిచి మరీ చూపించేవాడు.

ఒక ఆదివారం మాస్టారి భార్యకు ఆయన్ని ఆటపట్టించాలని బుద్ధి పుట్టింది. బంతి తన జేబులోనే పెట్టుకుని, “నాలుగోదాంట్లో ఉందండీ” అని చెప్పింది. డబ్బాలన్నీ ఖాళీ. దొరసాని ఒకటి దాటింది, రెండు దాటింది, మూడు దాటింది, నాలుగోదాని ముందు కూర్చుని మాస్టారి మొహంలోకి చూసింది.

మూత తీసి చూస్తే ఏముంది, పాత బిస్కెట్ పొడి.

ఆవిడ పడీపడీ నవ్వింది. “మీ దొరసాని వాసన చూడట్లేదండీ, మిమ్మల్ని చూస్తోంది. పెళ్ళై ముప్ఫై ఏళ్ళైనా మీ మనసులో ఏముందో నాకు తెలిసి చావదు, దీనికెట్లా తెలిసిందో.”

మాస్టారు నవ్వలేదు. బంతి తీసుకుని, “మళ్ళీ దాచు” అన్నాడు. “ఒకచోట దాచి ఇంకోచోటని చెప్పు. నిజమో అబద్ధమో నాకు తెలియకూడదు.”

ఆ సాయంత్రం దాకా ఆడారు. అన్నం వేళ దాటింది. బంతి వాసన గట్టిగా ఉంటే దొరసాని తన ముక్కునే నమ్మేది. ఆవిడ బంతిని కడిగి, గుడ్డలో చుట్టి, వాసన సన్నబడేట్టు చేస్తే మాత్రం పదిసార్లలో ఏడుసార్లు మాస్టారు అనుకున్న చోటే కూర్చునేది. తాను ఏం చేస్తున్నాడో ఆయనకే తెలియదు. అడుగు ఆగుతోందో, ఊపిరి బిగుస్తోందో, తాడు కాస్త సడలుతోందో. తెలిస్తే మానేసేవాడు. కుక్కకు విశ్వాసం ఎక్కువంటారు. ఆ విశ్వాసంతోనే అది ఆయన కోరిన జవాబు తెచ్చి ఆయన కాళ్ళ ముందు పెట్టింది.

“ఇంక చాలండీ, అది అలిసిపోయింది” అంది ఆవిడ.

ఆయన డబ్బాల మధ్య నేల మీద కూలబడి ఉన్నాడు. అప్పుడు చెప్పాడు భార్యకు, కుళాయి దగ్గర ఇన్‌స్పెక్టరు అన్న మాట. ఐదేళ్ళలో ఎవరికైనా చెప్పడం అదే మొదలు.

ఆ రోజు నుంచి మాస్టారికి మనశ్శాంతి లేదు. దయ్యాలంటే ఆయనకు నమ్మకం లేదు, పైగా ఆ మూడోవాడు చచ్చిపోలేదు, జైల్లో నిక్షేపంలా ఉన్నాడు. బతికున్న మనిషి దయ్యమై పట్టుకుంటే ఎవరి దగ్గరికి వెళ్ళాలి? రొట్టెల దుకాణం ముందు వరసలో నిలబడితే ఆయన కళ్ళు వాటంతటవే మూడోవాడి మీదికి పోయేవి. మెట్లెక్కుతూ మూడో మెట్టు దాటేసి కాలు వేసేవాడు, ఒకసారి పడ్డాడు కూడా. ఎవరైనా చిల్లర కోసం అరచెయ్యి పైకి చాపితే ఆ చేతి వంక చూస్తూ నిలబడిపోయేవాడు. ‘అది నా దగ్గరెందుకు కూర్చుంది’ అన్న ప్రశ్న చెవిలో జోరీగలా తిరిగేది. జవాబు ఇప్పుడు తెలుసు. అదే బాధ.

ఒక ఉదయం దొరసానిని తీసుకుని మార్కెట్టుకు వెళ్ళాడు. ఎదురుగా ఒకాయన సంచీ నిండా కూరగాయలతో వస్తున్నాడు, ఎవరో బడిపంతులులా ఉన్నాడు. పొడుగు మనిషి. వీడూ అలాగే ఉన్నాడే అనుకున్నాడు మాస్టారు, అంతే, ఒక్క క్షణం. దొరసాని ఆ పంతులు ముందుకు వెళ్ళి కూర్చుంది. కూర్చుని ఈయన మొహంలోకి చూసింది. పాపం ఆ పంతులు ‘మంచి కుక్కండీ’ అని దాని తల నిమిరి వెళ్ళిపోయాడు. తన బతుకు ఎంత సన్నని దారం మీద ఊగి వెళ్ళిందో ఆయనకేం తెలుసు.

ఆ మధ్యాహ్నమే మాస్టారు పాత కేసు కాగితాల్లోంచి మూడోవాడి ఇంటి చిరునామా వెతికి తీశాడు. అమ్మానాన్నల్లేరు, పెళ్ళి కాలేదు. ఉన్నది ఒక్క అక్క. ఆమెకు బట్టలు కుట్టే దుకాణం ఉంది. పొడుగు తగ్గించాలని ఒక ప్యాంటు సంచిలో పెట్టుకుని వెళ్ళాడు. ప్యాంటు సరిపోయే ఉంది. ఏదో ఒక సాకు కావాలి కదా.

ఇరుకు దుకాణం. మిషను, గోడకు దారపు కండెలు, అద్దం. నలభై ఐదేళ్ళ మనిషి, నోట్లో గుండుసూదులు పెట్టుకుని మాట్లాడే అలవాటు. ఆమె కొలత తీసుకుంటూ దొరసానిని చూసి, గిన్నెలో నీళ్ళు పోసి పెట్టింది.

“కుక్కలంటే ఇష్టమా అమ్మా?” అన్నాడు మాస్టారు.

“ఇష్టమని కాదు అన్నయ్యగారూ. వాటికి అబద్ధం రాదు. అందుకని గౌరవం.” సూదులు తీసి దిండుకు గుచ్చింది. “మా తమ్ముణ్ణి కుక్కే పట్టించింది. నా చేత్తో పెంచాను వాణ్ణి. నేను చెయ్యలేదక్కా అని నా కాళ్ళు పట్టుకుని ఏడ్చాడు, నమ్మేదాన్నే. కానీ కుక్క చెప్పాక ఏముంది? దానికి వాడి మీద పగా, నా మీద ప్రేమా? జైలుకి ఒక్కసారి కూడా పోలేదు. ఉత్తరాలు వస్తే విప్పకుండానే చించేస్తాను.”

గుండీల డబ్బాలోంచి ఒక కాగితం తీసి చూపించింది. ప్రభుత్వం పెట్టిన లాయరమ్మ రాసిన ఉత్తరం. వచ్చే నెల పై కోర్టులో అప్పీలు, అదే ఆఖరుది. అది పోతే ఇంకా ఏడేళ్ళు లోపల ఉండాల్సిందే. “ఎవరైనా చుట్టం వస్తే బాగుంటుందట. ఏం మొహం పెట్టుకుని పోను” అంది.

ఒక మనిషిని పన్నెండేళ్ళు లోపల పెట్టానని మాత్రమే ఇన్నాళ్ళూ అనుకున్నాడు. వాడికి మిగిలిన ఒక్క తలుపూ తనే మూశాడని అప్పుడు తెలిసింది. ప్యాంటు ఎప్పుడు ఇస్తారని అడగడం కూడా మరిచిపోయి బయటికి వచ్చేశాడు.

మర్నాడు ఇన్‌స్పెక్టరు దగ్గరికి వెళ్ళాడు. ఆయన ఇప్పుడు పెద్ద పదవిలో ఉన్నాడు, పెద్ద బల్ల, వెనక గాజు కిటికీ. మాస్టారు చెప్పిందంతా విన్నాడు. చెడ్డవాడు కాదు, మధ్యలో ఆపకుండా విన్నాడు.

“మాస్టారూ, వాడు చెయ్యలేదని మీకు తెలుసా?”

“తెలియదు సార్.”

“చేసి ఉండొచ్చు కూడానా?”

“ఉండొచ్చు.”

“మరి? తెలియని దాని కోసం బోనెక్కి దొరసాని ముక్కు మాటని కొట్టిపారేస్తారా? అది కూర్చున్న ప్రతి కేసూ లేచి కూర్చుంటుంది. అప్పుడు సబ్బులాయన లాయరు నిద్రపోతాడా? రెండేళ్ళు మాస్టారూ, నా పెళ్ళాం పురిటికి కూడా వెళ్ళకుండా తిరిగాను. వాడి పొడి పీల్చి ఎంతమంది పిల్లలు పోయారో మీరూ చూశారు. శవాల్ని మనిద్దరమే మోశాం ఒకసారి.”

అది నిజమే. కరవమంటే కప్పకు కోపం, విడవమంటే పాముకు కోపం.

“నాకు చెప్పకుండా ఉండాల్సింది సార్, ఆ రోజు” అన్నాడు మాస్టారు.

“వినకుండా ఉండాల్సింది మాస్టారూ” అన్నాడు ఆయన. ఇద్దరి మాటా న్యాయమే. తిలాపాపం తలా పిడికెడు.

వారం తరవాత మాస్టారు ప్యాంటు కోసం వెళ్ళాడు. ఆమె మడత పెట్టి ఇస్తుంటే, తీసుకోకుండా, తానెవరో చెప్పాడు. ఈ కుక్కే ఆ కుక్కని చెప్పాడు. కుళాయి, డబ్బాలు, బంతి, అన్నీ చెప్పాడు. అది తన మనసు చూసి కూర్చుందేమోనని, నిజమేమిటో తనకూ తెలియదని చెప్పాడు. ఆమె మిషను చక్రం మీద చెయ్యి వేసి అలాగే ఉంది.

“ముందు దాన్ని బయట కట్టెయ్యండి” అంది.

ఆయన కట్టేసి వచ్చాడు.

“ఐదేళ్ళు” అంది ఆమె. “ఐదేళ్ళు వాడి ఉత్తరాలు చించాను.” తరవాత ఆయన్ని బయటికి పంపి దుకాణం తలుపు లోపలి నుంచి వేసుకుంది. లోపల ఏడుపు వీధిలోకి వినిపించింది. మాస్టారు మెట్ల మీద నిలబడి విన్నాడు. వెళ్ళిపోవడానికి మనసొప్పలేదు, తలుపు కొట్టడానికి ధైర్యం చాలలేదు.

పై కోర్టులో లాయరమ్మ ఆయన్ని బోనెక్కించింది. ప్రభుత్వ వకీలు లేచి, ఇన్నాళ్ళకు గుర్తొచ్చిందా ఈ మాట అని అడిగాడు.

“గుర్తుకు రావడం కాదండీ, మరిచిపోవడం కుదరలేదు” అన్నాడు మాస్టారు.

ఎదురుగా గార్డుల మధ్య మూడోవాడు కూర్చుని ఉన్నాడు. చిక్కిపోయాడు, తల సగం నెరిసింది. మాస్టారు కుళాయి దగ్గరి మాట ఉన్నదున్నట్టు చెబుతుంటే, వాడి మొహంలో కోపం కాని సంతోషం కాని లేదు. పోగొట్టుకున్న వస్తువు ఎక్కడ పడిందో వింటున్న మనిషిలా విన్నాడు.

జడ్జిగారు కళ్ళద్దాలు తీసి అడిగారు. “అయితే ఇతను నిర్దోషి అంటారా?”

“తెలియదండీ. తెలియదని చెప్పడానికే వచ్చాను. ఆ రోజు నాకు తెలియదు, కుక్కకీ తెలియదు. తెలిసినట్టు ఇద్దరం కలిసి చెప్పాం.”

మిగిలిన సాక్ష్యం చాలదని పదిహేను రోజులకు శిక్ష కొట్టేశారు. ఆ తీర్పు సిరా ఆరకముందే సబ్బులాయన లాయరు దాన్ని పట్టుకుని పరిగెత్తాడు. నెల తిరక్కుండా వాడు బెయిలు మీద బయటికొచ్చాడు. ఇన్‌స్పెక్టరు ఫోన్ చేసి, “సబ్బులాయన బయటికొచ్చాడు మాస్టారూ, మీకు చెప్పాలనిపించింది” అని పెట్టేశాడు. ఆ మధ్య వీధిలో ఒక కారు ఆగి, వెనక సీటులోంచి వాడు దొరసానికి చెయ్యి ఊపాడు కూడా. నిజం చెప్పినవాడికి నిద్ర పడుతుందని ఎవరన్నారో కాని, వాళ్ళు మాస్టారిని చూడలేదు. ముందు ఒకడి మొహమే కలలోకి వచ్చేది, ఇప్పుడు ఇద్దరివి.

అయితే అది తరవాతి సంగతి. మూడోవాడు విడుదలైన రోజు ఉదయం వాడి అక్క దుకాణం మూసి మాస్టారింటికి వచ్చింది.

“మీరూ రండి అన్నయ్యగారూ. ఒక్కదాన్నే వాడి ముందు నిలబడలేను” అంది.

దొరసానిని ఇంట్లో వదిలి, మాస్టారు ఆమెతో జైలుకు వెళ్ళాడు. ఎత్తు గోడ, నీలం రంగు ఇనుప తలుపు, ఎదురుగా బస్సుల కోసం వేసిన సిమెంటు బల్ల. మాస్టారు రోడ్డుకు ఇవతలే ఆగిపోయాడు. ఆమె దాటి వెళ్ళి తలుపు ముందు నిలబడింది. కొత్త చొక్కా ఒకటి కుట్టి తెచ్చింది. అందాజాగా కుట్టింది, ఐదేళ్ళ కింది కొలతలతో.

పదిన్నరకు చిన్న తలుపు తెరుచుకుంది. వాడు సంచితో వంగి బయటికొచ్చి, అక్కను చూసి ఆగాడు. ఆమె చొక్కా ముందుకు చాపింది. వాడు తీసుకోలేదు.

“తప్పయిపోయింది రా. నువ్వు చెయ్యలేదని ఇప్పుడు తెలిసింది” అంది ఆమె.

“ఎవరు చెప్పారు?”

ఆమె రోడ్డు ఇవతలికి చూసింది. వాడూ చూశాడు, మాస్టారిని గుర్తుపట్టాడు. మళ్ళీ అక్క వైపు తిరిగాడు. వాడి గొంతు పెద్దది కాదు, కాని వీధిలో అప్పుడు బస్సులు లేవు, ప్రతి మాటా వినిపించింది.

“అప్పుడు కుక్క చెప్పిందని నమ్మావు. ఇప్పుడు కుక్కాయన చెప్పాడని నమ్ముతున్నావు. ఆయన కూడా నేను చెయ్యలేదని చెప్పలేదక్కా, తెలియదన్నాడు. నేను చెప్పింది ఎప్పుడు నమ్ముతావు?”

ఆమె చొక్కాను రెండు చేతులతో నలిపేస్తోంది. “చెప్పు” అంది. “ఇప్పుడు చెప్పు.”

“నేను ముట్టుకోలేదు. ఆ పొట్లం నేను చూడను కూడా లేదు.”

రోడ్డు ఇవతల మాస్టారు ఊపిరి బిగపట్టి విన్నాడు. ఐదేళ్ళ కింద వినాల్సిన మాట అది, వాడి నోటి నుంచి, వాడి మొహం చూస్తూ. ఆ మాట నిజమని తన మనసు ఎగిరి గంతేస్తుందని ఎన్ని రోజులుగానో ఎదురుచూశాడు. మనసు కదల్లేదు. నమ్మకమూ కలగలేదు, అపనమ్మకమూ కలగలేదు. సిగ్గుతో తల దించుకున్నాడు.

“నమ్మాను” అంది ఆమె.

ఎంత తొందరగా అందంటే, ఆ తొందర వాడికీ వినిపించింది. అక్క మొహంలోకి చాలాసేపు చూశాడు. తరవాత ఆమె చేతిలోని చొక్కా తీసుకుని, మడత విప్పకుండా సంచిలో పెట్టుకుని, “పద, బస్సెక్కడ ఆగుతుంది” అన్నాడు.